మిహిర ప్లస్‌లో మూడేళ్ల అనుభవం

పంజాగుట్టలో కాపురం ఉంటూ, లక్డీకాపూల్‌లోని ఒక ప్రభుత్వ కార్యాలయంలో ఫైళ్లు చూసే చలపతిరావు గారు 1999 నాటికి ఏడేళ్లుగా తెలుగు జాతికి సేవ చేస్తున్నారు. ఈ సంగతి తెలుగు జాతికి తెలియకపోవడం విచారకరం. ఆయన 'వ్యోమరేఖ' అనే సైన్స్ ఫిక్షన్ అభిమానుల పత్రికకు సంపాదకులు. రచయిత, చిత్రకారుడు, ప్రూఫులు దిద్దేవారు, తపాలా బిళ్లలు అంటించేవారు కూడా ఆయనే. నెలకు నలభై ప్రతులు. అందుకునే నలభై మందీ మర్యాదస్తులు కనుక, చదివామని చెప్పి ఒక్కరూ ఆయన్ని ఇబ్బంది పెట్టలేదు.

ఆయనకు ప్రమోషన్ మీద ఆశ లేదు, సన్మానాల మీద మోజు లేదు. "మీ కథ చదివాను" అని ఒక్క పాఠకుడు ఒక్క ఉత్తరం రాస్తే చాలు. ఏడేళ్లలో రెండు ఉత్తరాలు వచ్చాయి. మొదటిది చిరునామా మారిందని, రెండోది దయచేసి పంపడం ఆపమని. రెండోదాన్ని కూడా ఆయన భద్రంగా దాచుకున్నారు, అందులో పత్రిక పేరు తప్పుల్లేకుండా రాసి ఉంది మరి. భార్య జానకీదేవి గారు పత్రికను ఎంతో గౌరవించేవారు. పప్పు డబ్బాల కింద పరచడానికి వేరే పేపరు వాడేవారు. డిగ్రీ ఆఖరి సంవత్సరంలో ఉన్న కొడుకు కేదార్‌కి తండ్రి ఏదో రాస్తుంటారని తెలుసు.

ఆ ఏడు 'మిహిర' అనే ధారావాహిక నడుస్తోంది. మిహిర గ్రహం మీద కొండంత యంత్రం ఒకటుంది. దానితో మాట్లాడటానికి ప్రత్యేకంగా ఒక భాష. జనం తరతరాలుగా ఆ భాష నేర్చుకుని, యంత్రం ముందు బారులు తీరి కూర్చుని, పొద్దస్తమానం దానికి ఆజ్ఞలు ఇస్తుంటారు. ఆఖరి ప్రకరణంలో కథానాయిక అయిన అమ్మాయి మూత ఎత్తి చూస్తుంది. లోపల ఏమీ ఉండదు. ఆ ఒక్క ప్రకరణం కోసమే చలపతిరావు గారు మిగతా పదకొండూ రాస్తున్నారు. కథ నమ్మేలా ఉండాలని ఆరో ప్రకరణంలో ఆ భాషలోని ఇరవై నాలుగు ఆజ్ఞలు ఉదాహరణలతో సహా ఇచ్చారు. ఆయన చేసిన తప్పల్లా అదే.

పత్రిక ప్రతులు తీసేది అమీర్‌పేటలో, సురేందర్ జిరాక్స్ షాపులో. అమీర్‌పేట గురించి మీకు కొత్తగా చెప్పాల్సింది లేదు. అక్కడ స్పైరల్ బైండింగ్ చేసిన ప్రతి కాగితమూ విద్యే. ఎవరు రాశారు, ఎందుకు రాశారు అని అడిగే మొరటుతనం ఎవరికీ లేదు. ఆరో ప్రకరణం పొరపాటున జావా కంప్యూటర్ కోర్సు నోట్సులో కలిసి బైండయింది. కొత్త భాష వచ్చిందనీ, ఇంకా పోటీ లేదనీ నాలుగు రోజుల్లో వార్త బోరబండ దాకా పాకింది. వారం తిరక్కుండా రాజనర్సయ్య గారి శిక్షణ సంస్థ బ్యానర్ కట్టింది: "మిహిర ప్లస్. నలభై అయిదు రోజుల్లో. డెమో క్లాసు ఉచితం." ఆ ప్లస్ రాజనర్సయ్య గారి స్వీయ పరిశోధన.

రెండు నెలలు గడిచేసరికి విద్యార్థులు తమ రెజ్యూమేల్లో మిహిర ప్లస్‌లో మూడేళ్ల అనుభవం రాసుకున్నారు. మనస్సాక్షి ఉన్న కొందరు రెండున్నరేళ్లతో సరిపెట్టుకున్నారు. కంపెనీలు మాత్రం ప్రమాణాల విషయంలో రాజీపడలేదు. అయిదేళ్ల అనుభవం ఉన్నవారే కావాలని ప్రకటనలిచ్చాయి.

విషయం తెలిసి చలపతిరావు గారు షాపుకి పరిగెత్తారు.

"సురేందర్, అది కథయ్యా!"

"కథ అయితే ఏమాయె సార్? మస్తు నడుస్తుంది. మీ పాత పేపర్లు సుత అడుగుతుండ్రు. తర్వాత పార్టు జర జల్ది ఇయ్యుండ్రి."

తర్వాతి భాగం కావాలని ఏడేళ్లలో ఆయన్ని అడిగిన మొదటి మనిషి సురేందరే. ఖండించడానికి వచ్చిన సంపాదకులు "రేపే ఇస్తాను" అని చెప్పి ఇంటికి వెళ్లిపోయారు.

పదకొండో ప్రకరణం చివర "వచ్చే నెల యంత్రం మూత తెరుచుకుంటుంది" అని ప్రకటించగానే అమీర్‌పేటలో ఆందోళన మొదలైంది. రాజనర్సయ్య గారి నాయకత్వంలో ఒక ప్రతినిధి బృందం పంజాగుట్ట వచ్చింది.

"చలపతిరావు సార్, మీరు శానా పెద్దమనిషి," అన్నారు రాజనర్సయ్య గారు, సభలో మాట్లాడుతున్నట్టు. "నాలుగు వేల మంది పిల్లల బతుకులు మీ కలం మీద ఉన్నయి. గా మూత ఎందుకు తీస్తరు సార్? యంత్రం మంచిగ నడుస్తుంది గదా! వెర్షన్ టూ రాయుండ్రి. గేటు కాడ మీ ఫోటో పెట్టిస్త."

"ఆ ప్రకరణం లేకపోతే అది కథే కాదండీ." అన్నారు చలపతిరావు గారు. "మీలో ఒక్కరైనా దాన్ని కథలా చదివారా? ఆ అమ్మాయి పేరేంటో చెప్పగలరా?"

వెనక నిలబడ్డ తారక్ అనే విద్యార్థి చెయ్యెత్తాడు. "సార్, అది ఇంటర్వ్యూలో అడుగుతారా?"

ఆయన లొంగలేదు. మూత తీశారు, ఖాళీ చూపించారు. ఈసారి సురేందర్ తీసిన ప్రతులు నాలుగు వేలూ పూర్తిగా అమ్ముడుపోయాయి. విప్లవమేదో వస్తుందని ఆయన మూడు రోజులు గుమ్మంలోనే కూర్చున్నారు. ఆఖరి ప్రకరణం సిలబస్‌లో లేదని రాజనర్సయ్య గారు నోటీసు పెట్టడంతో ఎవరూ ఆ పేజీలు తిప్పలేదు.

పద్దెనిమిదో రోజున ఉత్తరం వచ్చింది. రాసినావిడ పేరు సంహిత.

"ఎడిటర్ గారికి, సిలబస్‌లో లేనివి కూడా చదివే అలవాటు వల్ల మీ కథంతా చదివాను. చాలా బాగుంది. అమ్మాయి మూత ఎత్తుతుంటే నా చేతులు చల్లబడ్డాయి. ఒకటే లోపం. అంతమంది, అన్నేళ్లు ఖాళీ యంత్రం ముందు కూర్చున్నా ఎవరికీ అనుమానం రాలేదంటే నమ్మబుద్ధి కాలేదు. మనుషులు మరీ అంత అమాయకులు కాదు కదండీ. నేను ఒక కంపెనీ మిహిర ప్లస్ విభాగంలో ఉద్యోగంలో చేరి నాలుగు నెలలైంది. మా ప్రాజెక్టు ఏమిటో ఇంకా చెప్పలేదు కానీ, బాగా చేస్తున్నానని నిన్ననే టీమ్ లీడర్‌ని చేశారు."

చలపతిరావు గారు గేటు దగ్గరే నిలబడి నాలుగుసార్లు చదివారు. కళ్లు తుడుచుకుంటుంటే జానకీదేవి గారు కంగారుగా వచ్చారు.

"ఏంటండీ, ఎవరికేమైంది?"

"ఒకావిడ చదివింది, జానకీ."

"నచ్చిందిటా?"

"నచ్చిందిట. నమ్మలేకపోయిందిట."

జానకీదేవి గారు ఉత్తరం తీసుకుని మొదటినుంచి చివరిదాకా చదివారు. చివరి వాక్యం రెండుసార్లు చదివారు.

"మన కేదార్‌కి డిగ్రీ అయిపోవస్తోంది కదండీ," అన్నారు.

"అందులో ఏమీ లేదే! నేనే రాశాను."

"మీరు రాసిందే కాబట్టి వాడికి తొందరగా వస్తుంది."

మర్నాడు తండ్రీకొడుకులు అమీర్‌పేట వెళ్లారు. రాజనర్సయ్య గారు లేచి నిలబడి ఆహ్వానించి, కేదార్‌కి ప్రవేశ పరీక్ష మాఫీ చేశారు. దరఖాస్తులో "ఈ కోర్సు ఎందుకు ఎంచుకున్నారు?" అని ఒక గడి ఉంది. కేదార్ తండ్రి మొహం చూశాడు. చలపతిరావు గారు పెన్ను తీసుకుని కాసేపు ఆలోచించి, "మంచి భవిష్యత్తు ఉన్నందున" అని రాసి, కింద సంతకం పెట్టారు.