పూర్తి పరిచర్య

మంగళవారం పొద్దున విజయేందర్ వేసుకున్న పథకం చాలా చిన్నది. తండ్రి ఓదెలు ఒంట్లోంచి కాస్త రక్తం తీయించాలి. అంతే.

ఓదెలుకు నెల రోజులుగా అరికాళ్లు మండుతున్నాయి. దాహం తీరడం లేదు. షుగరేమోనని కొడుకు భయం. ఆర్టీసీ డిపోలో మెకానిక్‌గా బస్సుల కింద పడుకొని బతుకంతా గడిపిన ఓదెలు దేనికీ జంకే మనిషి కాదు గాని, సూది పేరెత్తితే మాత్రం చెప్పులు వేసుకొని ఎటో వెళ్లిపోతాడు. అందుకే ముందుగా చెప్పకుండా, రక్తం తీసే మనిషిని ఇంటికే రప్పించాలని విజయేందర్ నిర్ణయించుకున్నాడు. భార్య చంద్రిక పుట్టింటికి కరీంనగర్ వెళ్లింది. తనకేమో పంజాగుట్ట ఆఫీసులో మీటింగు. కాబట్టి ఎదురు ఫ్లాటులో ఉండే అచ్యుతరావును పక్కకు పిలిచి, ఇంటి తాళంచెవి ఒకటి చేతిలో పెట్టాడు.

"మనిషొచ్చేదాకా మా బాపును జర మాటల్ల పెట్టండి సార్. బయటికి పోనియ్యకండి."

"మీరు నిశ్చింతగా వెళ్లండి. నేను చూసుకుంటాను కదా!" అన్నాడు అచ్యుతరావు. ఆయనది రాజమండ్రి. బ్యాంకులో చేసి రిటైరయ్యాడు. "అయినా ఈ పరీక్షలూ అవీ ఏంటండీ? నన్ను చూడండి. ఇప్పటిదాకా ఆసుపత్రి గడప తొక్కలేదు. రోజూ నడక, నాలుగు ఆసనాలు. గుండె గుండ్రాయిలా ఉంటుంది."

విజయేందర్ అమీర్‌పేట మెట్రో ప్లాట్‌ఫారం మీద నిలబడి ఫోన్‌లో 'వైద్యసంత' యాప్ తెరిచాడు. డాక్టరు దగ్గర్నుంచి దంతవైద్యం దాకా ఆరోగ్యానికి సంబంధించి ఏదైనా అందులో దొరుకుతుంది. 'ఇంటి వద్ద సేవలు' నొక్కితే 'పూర్తి పరీక్షలు', 'పూర్తి పరిచర్య' అని ఒకదాని కిందొకటి కనిపించాయి. రైలు వచ్చింది. వెనక నుంచి జనం తోశారు. బొటనవేలు ఒక గడి కిందికి జారింది. పేషెంట్ పేరు ఓదెలు, వయసు డెబ్బై ఒకటి అని కొట్టి, పంజాగుట్టలో దిగేలోపే బుకింగ్ పూర్తి చేశాడు.

మీటింగు సగంలో ఉండగా ఫోన్ వణికింది. 'మీ పేషెంట్ మంచం ఇంటికి చేరింది' అని సందేశం.

విజయేందర్ దాన్ని రెండుసార్లు చదివాడు. బయటికొచ్చి కస్టమర్ కేర్‌కు ఫోన్ చేశాడు.

"మీరు బుక్ చేసింది పూర్తి పరిచర్య సార్," అంది అవతలి గొంతు. "లేవలేని పేషెంట్లకు ఇంట్లోనే ఆసుపత్రి మంచం, ఆక్సిజన్, నర్సు. నర్సు కూడా చేరుకున్నారు. సేవ మొదలైంది కాబట్టి క్యాన్సిల్ కాదు సార్."

"మా బాపు లేవలేని మనిషి కాదమ్మా! కూసోబెట్టుడే కష్టం ఆయనను!"

ఒళ్లు మండింది గాని, భయం వేయలేదు. తప్పు తనదే. ఇంటికి వెళ్లి నర్సుకు దండం పెట్టి పంపేస్తే సరిపోతుందనుకొని తండ్రి నంబరుకు కొట్టాడు. ఎవరో అమ్మాయి ఎత్తింది.

"నేను నర్స్ మానసను సార్. ఫోన్ ఈడ ఛార్జింగ్‌ల ఉంటే ఎత్తిన. మీరు ఓదెలు గారి కొడుకేనా? నేనే చేద్దామనుకుంటున్న. నేనొచ్చేసరికి తలుపు తెరిచే ఉంది. పెద్దాయన ఒక్కడే మంచం మీద పండుకొని ఉన్నడు. బీపీ చూస్తే రెండొందల పది ఉంది సార్. మల్ల చూసిన. అంతే ఉంది."

విజయేందర్ మెట్ల వైపు నడిచాడు. "ఒక్కడే ఉండుడేంది? ఎదురింటాయన లేడా?"

"ఇంకెవ్వరు లేరు సార్. బీపీ ఒక్కటే అయితే ఫికర్ లేదు. మతిమరుపు సుత ఉన్నట్టుంది. ఓదెలు గారూ అని పిలిస్తే, నేను ఓదెలును కాదు అంటుండు. ఇది నా ఇల్లు కాదు, ఎదురుగ ఉన్నది నా ఇల్లు అంటుండు. మరి ఓదెలు ఏడున్నడని అడిగితే, పారిపోయిండు అంటుండు."

"అయ్యో..."

"మీరు తెలంగాణోళ్లే కద సార్?"

"అవును. ఏమైంది?"

"ఈయన మాట మారింది. మాటమాటకు 'అండీ' అంటుండు."

ఓదెలు పుట్టి బుద్ధెరిగాక 'అండీ' అన్న పాపాన పోలేదు. కొడుకు పెళ్లిచూపుల్లో వియ్యంకుణ్ణి కూడా 'ఏమే బావా' అనే పలకరించాడు. పక్షవాతం వస్తే మాట పడిపోతుందని విన్నాడు గాని, మాట యాస మార్చుకుంటుందని ఎక్కడా వినలేదు. అంత పెద్ద దెబ్బ తగిలిందా మెదడుకు?

అచ్యుతరావుకు ఫోన్ చేశాడు. మోగి మోగి ఆగిపోయింది. చూసుకుంటానని మాటిచ్చి, తండ్రిని ఒంటరిగా వదిలేసి వెళ్లిపోయాడన్నమాట!

మెట్లు దూకుతూ దిగి ఆటో ఎక్కాడు. పంజాగుట్ట చౌరస్తాలో బండ్లన్నీ ఒకదానికొకటి అతుక్కొని నిలబడ్డాయి. విజయేందర్ యాప్ తెరిచాడు. కింద ఎర్రగా 'అంబులెన్స్' అని ఉంది. ఈసారి వేలు జారకుండా గట్టిగా నొక్కాడు.

"ఎవరికన్నా మంచిగ లేదా?" అడిగాడు ఆటో డ్రైవరు అద్దంలోంచి.

"మా బాపుకు. నన్ను గుర్తువడ్తడో లేదో."

డ్రైవరు ఫుట్‌పాత్ మీదికి సగం ఎక్కించి మరీ బండిని ముందుకు తీశాడు.

విజయేందర్‌కు కళ్లు మసకబారాయి. పొద్దున తండ్రి టిఫిన్ అడిగితే, పరిగడుపున ఉండాలి కాబట్టి 'ఇప్పుడే వద్దు బాపూ' అని విసుక్కున్నాడు. ఏదో ఒక అబద్ధమైనా ఆడకుండా, పరీక్ష అని నిజమైనా చెప్పకుండా, తాళంచెవి పొరుగాయనకు ఇచ్చి తప్పుకున్నాడు. ఆ మనిషి ఆకలితోనే మంచాన పడ్డాడు. చివరిమాట విసుగు మాటే అయితే తను ఏ ముఖం పెట్టుకొని బతకాలి?

మైత్రీవనం దగ్గర ఆటో మళ్లీ ఆగింది. దిగి పరుగెత్తాడు. కోచింగ్ సెంటర్ల పిల్లలు పక్కకు తప్పుకొని దారిచ్చారు. మూడో అంతస్తు ఎక్కేసరికి ఊపిరి అందలేదు. తలుపు బార్లా తెరిచి ఉంది. హాలు నిండా ఇనుప మంచం. దాని మీద గొంతుదాకా తెల్ల దుప్పటి, ముఖానికి ఆక్సిజన్ మాస్కు, గోడవైపు తిరిగిన నెరసిన తల.

విజయేందర్ ఆ కాళ్ల మీద పడిపోయాడు.

"బాపూ! నేనే బాపూ, విజ్జుగాన్ని! నన్ను గుర్తువట్టు బాపూ! పొద్దున తిననియ్యలేదు, నాది తప్పయింది!"

దుప్పటి కింద కాళ్లు ఉలిక్కిపడి వెనక్కి ముడుచుకున్నాయి. వెనక గుమ్మం దగ్గర్నుంచి మరో గొంతు వినిపించింది.

"ఏందిరా? గాయన కాళ్లు వట్కొని ఏడుస్తున్నవ్?"

విజయేందర్ తల తిప్పాడు. గుమ్మంలో ఓదెలు నిలబడి ఉన్నాడు. చేతిలో పుల్ల, దాంతో పళ్లు కుట్టుకుంటున్నాడు. "పొద్దుగాల టిఫిన్ వెట్టకపోతే మనిషి ఉంటడా? ఈ సార్ లోపల్నుంచి ఏసిన తాళం తీసి మంచం లోపల వెట్టిస్తుంటె, సందు చూసి పోయి ఇడ్లీ తినొచ్చిన. ఇంతకు ఈ మంచం ఎవరికిరా?"

మంచం మీది మనిషి మాస్కు కిందికి లాగాడు. "బాబూ విజయేందర్, నేనండీ, అచ్యుతరావుని. ఆ మంచం తెచ్చినవాళ్లు ఎత్తు సరిచూడాలి, ఒక్కసారి పడుకోండన్నారు. పడుకున్నాను. వాళ్లు అటు వెళ్లారు, ఈ అమ్మాయి ఇటు వచ్చింది. అప్పట్నుంచీ మొత్తుకుంటున్నానండీ! ఫోన్ కూడా లాక్కుంది!"

విజయేందర్ లేచి వెళ్లి తండ్రిని గట్టిగా వాటేసుకున్నాడు. ఓదెలుకు ఇడ్లీ తిన్నందుకు ఇంత మర్యాద ఎందుకో అర్థం కాలేదు. అంతలో మెట్ల మీద బూట్ల చప్పుడు. అంబులెన్స్ వాళ్లు ఇద్దరు స్ట్రెచర్‌తో లోపలికొచ్చారు.

"ఓదెలు ఎవరు?"

"నేను కాదు," అన్నాడు అచ్యుతరావు.

ఓదెలు స్ట్రెచర్ వైపు చూశాడు, దాని మీదున్న సూదుల పెట్టె వైపు చూశాడు. "నేను సుత కాదు," అన్నాడు.

"తప్పు బుకింగ్ అన్నా, వాపస్ పొండి," అన్నాడు విజయేందర్ చెమట తుడుచుకుంటూ.

"పంపకండి సార్," అంది మానస. ఆమె ముఖంలో నవ్వు లేదు. "పేరు ఏదైతేంది? బీపీ మాత్రం ఈయనదే. ఇందాకటి నుంచి ఎడమ చెయ్యి పిసుక్కుంటుండు. అడిగితే ఏం లేదంటుండు."

అచ్యుతరావు చేయి చటుక్కున దుప్పటి కిందికి పోయింది. అప్పుడే కూరల సంచీతో మెట్లెక్కి వచ్చిన ఆయన భార్య ఛాయాదేవి ఆ మాట వింది. సంచీ అక్కడే వదిలేసింది.

"ఆదివారం నుంచీ ఆ చెయ్యి గుంజుతోందమ్మా! గ్యాసన్నారు. పక్క తిరిగి పడుకున్నానన్నారు. నిన్న మెట్ల మీద రెండుసార్లు కూర్చుండిపోయారు. విజయేందర్ గారితో చెబుతానంటే నా మీద ఒట్టే అన్నారు."

అచ్యుతరావు పైకప్పు వంక చూస్తున్నాడు. "భయమండీ," అన్నాడు మెల్లగా. "లోపలికెళ్తే ఏం చెబుతారోనని భయం. అందుకే ఎప్పుడూ వెళ్లలేదు."

ఓదెలు పుల్ల కిటికీలోంచి పారేశాడు. మంచం దగ్గరికొచ్చి ఆయన కుడి చేయి అందుకున్నాడు.

"నాకు సుత భయమే. నడువు, ఇద్దరం పోదాం. సూది నీకు గుచ్చుతరు, కండ్లు నేను మూసుకుంట."

స్ట్రెచర్ దిగుతున్నంతసేపూ ఓదెలు ఆ చేయి వదల్లేదు. అంబులెన్స్‌లోనూ వదల్లేదు. విజయేందర్, ఛాయాదేవి వెనక ఆటోలో వెళ్లారు. సాయంత్రానికి డాక్టరు బయటికొచ్చి, గుండె రక్తనాళం ఒకటి దాదాపు మూసుకుపోయిందనీ, స్టెంట్ వేశామనీ, ఇంకో రాత్రి ఇంట్లో పడుకొని ఉంటే తెల్లారేది కాదనీ చెప్పాడు. ఛాయాదేవి విజయేందర్ రెండు చేతులూ పట్టుకొని ఏడ్చింది. వేలు జారిందని చెప్పడానికి అతనికి నోరు రాలేదు.

వారం తిరక్కుండా అచ్యుతరావు ఇల్లు చేరాడు. ఆయాసం లేకుండా తల ఎత్తుగా పెట్టుకొని పడుకోమన్నారట, క్యాన్సిల్ కాక మీ హాల్లోనే ఉన్న ఆ మీట నొక్కితే లేచే మంచం కొన్నాళ్లు ఇటు ఇప్పిస్తారా అని కబురు పంపాడు. యాప్ మనుషులను వెంటబెట్టుకొని మంచం జరిపించడానికి విజయేందర్ హాల్లోకి వచ్చాడు. తలవైపు ఎత్తుగా, కాళ్లవైపు ఇంకొంచెం ఎత్తుగా పెట్టుకొని దాని మీద తండ్రి పడుకొని ఉన్నాడు.

"ఈ మంచం ఎవరి పేరు మీద ఉంది పెద్దాయనా?" అడిగారు వచ్చినవాళ్లు.

"ఓదెలు పేరు మీద," అన్నాడు ఆయన కళ్లు తెరవకుండానే. "నేనే ఓదెలును."