కళావతికి తెలియని సంగతి

మనిషి తనకు ఒక హక్కు ఉందని తెలుసుకోవడానికి ముందే దాన్ని అడిగి తీరాలన్నది విశ్రాంత భృతి దావాల మండలి మూలసూత్రం. అడగనివారిని మండలి మన్నించదు, అడిగినవారిని ఇంత ఆలస్యమెందుకయిందని అడుగుతుంది.

ఇంగ్లండులో, నాటింగ్‌హామ్‌లోని ఓక్‌షా లాండ్రీలో కళావతి ఇరవై రెండేళ్లు ఆసుపత్రి దుప్పట్లు మడతపెట్టింది. పార్ట్ టైమ్ వాళ్లకు పెన్షన్ లేదని యాజమాన్యం చెప్తే నమ్మింది. ఆ మాట తప్పనీ, ఆమెకూ పెన్షన్ రావలసిందేననీ ఉద్యోగం మానేసిన పన్నెండేళ్లకు మండలి నుంచి ఉత్తరం వచ్చింది. మానేసిన ఆరు నెలల్లోగా దావా వేయాలని అందులోనే రాసి ఉంది. (ఉత్తరం మర్నాడే అందే మొదటి తరగతి పోస్టులో వచ్చింది. ఆలస్యాన్ని మండలి సహించదు.)

ఆలస్యానికి కారణం చెప్పుకోవడానికి ఫారం పద్నాలుగు ఉంది. "మీకు తెలియదన్న సంగతి మీకు ఏ తేదీన తెలిసింది?" అన్నది మొదటి ప్రశ్న. "రోజుకు సగటున ఎన్ని గంటలు తెలియకుండా ఉన్నారు?" అన్నది రెండోది. కళావతి చాలాసేపు ఆలోచించి "ఇరవై నాలుగు, నిద్రతో కలిపి" అని రాసింది. ఆమెకు తెలియకపోవడాన్ని కనీసం అయిదేళ్లు కళ్లారా చూసిన సాక్షి కూడా కావాలి. భర్త మొగిలయ్యను తీసుకుపోయింది.

మొగిలయ్య బస్సు నడిపి రిటైరయిన మనిషి. విచారణ గదిలో ఆలస్య కారణాల ఉపాధికారిణి మిస్ హార్‌గ్రీవ్ అతన్ని సూటిగా అడిగింది. "గడువు సంగతి మీ భార్యకు తెలియదని ధ్రువీకరిస్తారా?"

మొగిలయ్య భార్య వైపు చూశాడు. పెళ్లయిన నలభై ఒక్క ఏళ్లలో ఆమెకు ఫలానాది తెలియదని అతని నోట ఎన్నడూ రాలేదు. ఇప్పుడు కూడా రాలేదు.

"ఆమెకు తెల్వని ముచ్చట లేదు మేడమ్," అన్నాడు.

బల్ల కింద కళావతి అతని కాలు తొక్కింది.

"ఫ్రిజ్‌ల ఎన్ని గుడ్లున్నయో చూడకుండ చెప్తది. నాకు జరమొస్తే నాకంటె ముందు ఆమెకే ఎరుకైతది," అని అతను కొనసాగించాడు. కాలు మళ్లీ తొక్కింది. "గిప్పుడు నేనేం తప్పు మాట్లాడుతున్ననో గూడ ఆమెకు తెలుసు."

సాక్షి నిజాయితీపరుడని మిస్ హార్‌గ్రీవ్ రాసుకుంది.

తిరుగు బస్సులో కళావతి తన సంచిని ఇద్దరి మధ్యా పెట్టి కూర్చుంది.

"అబద్ధమాడుమంటవా?" అన్నాడు మొగిలయ్య.

"నలబయ్యేండ్లల్ల ఒక్కనాడన్న మెచ్చుకున్నవా? ఇయ్యాల్నే యాదికొచ్చిందా నీకు?" అని ఆమె కిటికీ వైపు తిరిగింది. కోపంగానే తిరిగింది కానీ, అద్దంలో ఆమె ముఖం అంత కోపంగా కనబడలేదు.

మూడు నెలలకు తీర్పు వచ్చింది. వారాంతంలో ఇంటికి వచ్చిన కూతురు సహస్ర దాన్ని రెండుసార్లు చదివింది.

"మమ్మీ, దే థింక్ యు ఆర్ డెడ్," అంది.

మండలి తర్కంలో లోపమేమీ లేదు. కళావతికి అన్నీ తెలుసునని సాక్ష్యం ఉంది. అన్నీ తెలిసిన మనిషి తనకు రావలసింది పన్నెండేళ్లు అడగకుండా ఊరుకోదు. ఊరుకుంది కనుక ఆమె జీవించి లేదు. (విచారణకు ఆమె వచ్చిన మాట నిజమే. దాన్ని "ఇతరులు" అన్న శీర్షిక కింద నమోదు చేశారు.) ఉత్తరంతోపాటు మొగిలయ్యకు సంతాప పత్రమూ, భార్యను కోల్పోయిన భర్తలకిచ్చే భృతి దరఖాస్తూ జతచేశారు.

సోమవారం కళావతి మండలికి ఫోన్ చేసింది. మరణించినవారి తరఫున బంధువులు మాత్రమే మాట్లాడాలని అవతలి గొంతు మర్యాదగా చెప్పింది. కళావతి ఫోన్ మొగిలయ్యకు ఇచ్చింది.

"ఆమె నా పక్కపొంటి కూసున్నది సర్!"

"మొదట్లో అందరికీ అలాగే అనిపిస్తుంది సర్. ధైర్యంగా ఉండండి."

ఫోన్ పెట్టేసి మొగిలయ్య తల పట్టుకున్నాడు. కళావతి దరఖాస్తు ముందుకు లాక్కుంది.

"ఆర్నెల్ల టైమున్నదట. పెన్ను ఇటు తే," అంది.

"నువ్వు నింపుతవా?"

"నీకొస్తదా మరి?"

మరణించిన తేదీ దగ్గర "మీ రికార్డు ప్రకారం" అని రాసింది. మరణ కారణం దగ్గర "మీ ఉత్తరం" అని రాసింది. మొగిలయ్య సంతకం పెట్టాడు. మధ్యాహ్నమే పోస్టు డబ్బాలో వేసి వచ్చారు.

తొమ్మిదో రోజుకల్లా భృతి మంజూరయింది. గడువుకు అయిదు నెలలకు పైగా ముందుగానే దరఖాస్తు అందినందుకు మండలి అభినందనలు తెలిపింది. ఇంతటి సమయపాలన మీ భార్య కూడా బతికుండగా చూపి ఉంటే ఎంతో బాగుండేదని, చివర్లో మిస్ హార్‌గ్రీవ్ స్వదస్తూరితో ఒక వాక్యం చేర్చింది.