పసుపు పోయే తొవ్వ

ఆ ఉదయం ఏసయ్య పెట్టుకున్న పని ఇంతే: గడ్డం గీసుకుని, చాయ్ తాగి, ఆర్మూర్‌లో గంగాధర్ సేటు పసుపు గోదాం ముందు కాపలా కూర్చోవడం. ఇన్నేళ్ల కొలువులో ఆయన మీద ఒక్క మాట పడలేదు. సగం గడ్డం గీశాడో లేదో, ఫిజియోథెరపీ చదివే కూతురు కృప లోపలి గదిలో గట్టిగా అంటున్నది వినపడింది.

"పసుపు పెద్ద గేటు నుంచి బయటికి పోతది. ముల్లు ఎనకంగ తిరిగి, చిన్న గేటు నుంచి మల్ల లోపటికొస్తది. ఎర్రన్న పక్కపొంటే ఉంటడు."

ఏసయ్య గీసుకునే కత్తి పక్కన పెట్టేశాడు. గోదాంకు ఉన్నవి ఆ రెండు గేట్లే. ముల్లంటే కాంటా ముల్లే. కాంటా వేసేది ఎర్రన్నే. దొంగతనం బయటపడితే ముందుగా పట్టుకునేది వాచ్‌మెన్ మెడనే కదా! సబ్బు నురగ తుడుచుకోకుండానే గోదాంలో కాంటా దగ్గరికి పరుగెత్తాడు.

"ఎర్రన్నా, నా కొలువుకు ఎసరు పెడ్తవారా! పసుపు ఏ గేటు నుంచి తిప్పుతున్నవ్?"

"పొద్దుగాల్నే తాగినవా ఏసన్నా? నేనేం జేసిన?" ఎర్రన్న నిర్ఘాంతపోయాడు.

గోదాంలో పసుపు దాచుకున్న ఆలూర్ రైతులు ఆ మాట విన్నారు. "మా పసుపే తిప్పుతుండ్రా!" అంటూ రెండు గేట్లూ మూసేశారు. ఎవరో ఎస్టీడీ బూత్‌కు ఉరికి పోలీసులకు ఫోన్ కొట్టారు. ఎస్సై వచ్చి, ఏసయ్య కూతురి నోట విన్నది చెప్పగానే, సాక్ష్యం చెప్పమని కృపను పిలిపించాడు.

కృప బిత్తరపోయి, చేతిలో ఉన్న పుస్తకం తెరిచింది.

"పసుపంటే నరం నాయినా! బొమ్మల గా రంగేసిండ్రు. ఎర్రది రక్తనాళం, యాదికుంటదని ఎర్రన్న అనుకున్న. గేట్లంటే నడుం కింది ఎముకల సందులు. ముల్లు గూడ ఎముకనే."

"గా నరం ఏడికి పోతది బిడ్డా?" అన్నాడు ఒక పెద్దమనిషి.

కృప బొమ్మ మీద వేలు పెట్టి చూపించింది. వంగి చూసిన వాళ్లంతా గబుక్కున చూపులు తిప్పుకున్నారు. ఏసయ్యకు సిగ్గుతో తల కొట్టేసినట్టయింది. "మాఫ్ చెయ్యి ఎర్రన్నా" అంటూ చేతులు పట్టుకున్నాడు.

సరిగ్గా అప్పుడే సేటు వచ్చాడు. మూసిన గేట్లు, పోలీసులు, కృప చుట్టూ రైతులు. ఆయన మొహంలో నెత్తురు చుక్క లేదు.

"అంత చెప్పినవా బిడ్డా?"

"చెప్పిన సేటూ. పెద్దదాంట్ల నుంచి బయటికి, చిన్నదాంట్ల నుంచి లోపటికి."

సేటు ఎస్సై ముందు కూలబడ్డాడు. "తప్పైంది సారూ! ఏసయ్య ఇంటికి పోయినంక రైతుల మంచి పసుపు పెద్ద గేటు నుంచి పంపిన. పుచ్చుది చిన్న గేటు నుంచి తెచ్చి పెట్టిన."

ఏసయ్య పేరుకు మచ్చ రాలేదు; జీతమిచ్చే మనిషి మాత్రం జీపెక్కి పోయాడు.