తప్పు పుట్టని బోల్టు

"నేటి నుంచి ఈ ఫ్యాక్టరీలో తప్పు బోల్టు పుట్టదు!" అని డైరెక్టరు క్నోబ్లిక్ దొరగారు పెట్టె ఎక్కి ప్రకటించారు. పుడితే అది కుట్ర, కుట్రకు ఉరి అని కూడా సెలవిచ్చారు. జర్మనీ యుద్ధ విమానాలకు బోల్టులు చేసే నాలుగొందల మంది ఖైదీలం చప్పట్లు కొట్టాం. చేతుల్లో కండ లేదు గనక కాళ్ళకున్న చెక్క చెప్పులే ఎక్కువ మోగాయి. ఇందులో అబద్ధముంటే మీసం తీయించుకుందును. కానీ దాన్ని నాజీలు క్యాంపు గేటు దగ్గరే తీసేశారు.

నా పక్క బల్ల జెలిగ్‌ది. పోలండులోని తార్నూఫ్‌లో క్షవరాలు చేసుకు బతికినవాడు. క్యాంపుకొచ్చిన రోజు, పనికిరానివాళ్ళను వేరే వరసలోకి తోస్తుంటే, "గేజి మేస్త్రీనండీ" అనేశాడు. కార్డులో రాసుకున్నారు. దొరలు కళ్ళను నమ్మరు, కార్డును నమ్ముతారు. అదే వాళ్ళ గొప్పతనం.

గేజి అంటే ఇనుప ఉంగరం. బోల్టు అందులో దూరితే పాసు, లేకపోతే రిజెక్టు. జెలిగ్ ఆకురాయితో రాసిన ఉంగరం వెంట్రుకవాసి పెద్దదయింది. దొరగారు దానికి స్టాంపు కొట్టారు. మేం లేతు మీద దానికి తగ్గ బోల్టులే తీశాం. నాలుగు నెలల్లో రిజెక్టులు సున్నా. మాలో తొంభైమంది పోయారు. అది వేరే రిజిస్టరు.

ఒకనాడు విమానాల ఫ్యాక్టరీ ఇన్‌స్పెక్టరు దిగాడు.

"మీ బోల్టు రెక్కలోకి దూరట్లేదండీ!"

జెలిగ్ నా చెయ్యి పట్టుకున్నాడు. "మామా, నా పని అయిపోయింది."

"కదలకురా. దొరగారి మీద నమ్మకముంచు."

దొరగారు బోల్టును ఉంగరంలోంచి జారవిడిచారు. "దూరిందా? ఉంగరం మీద స్టాంపుందా? కొట్టిందెవరు? నేను. కాబట్టి తప్పు రెక్కది."

"విమానం ఎగరాలి కదండీ!"

"బోల్టు పాసయ్యాక ఎగరడం విమానం బాధ్యత."

దొరగారికి పతకం వచ్చింది. జెలిగ్‌కు ఒక గరిటె గడ్డల నీళ్ళు ఎక్కువొచ్చాయి.

వసంతంలో అమెరికా సైన్యం గేటు విరగ్గొట్టింది. మర్నాడు దొరగారు టోపీ చేత్తో పట్టుకుని వచ్చారు.

"జెలిగ్ గారూ, విమానాలు ఎగరకుండా మనిద్దరం కలిసి కుట్ర చేశామని అమెరికా వాళ్ళకు రెండు ముక్కలు రాసిస్తారా?"

"కుట్రేమిటండీ? నేను క్షవరాలు చేసేవాణ్ణి. గేజి చెయ్యడం నాకు రాదు."

దొరగారు ముచ్చటగా నవ్వారు.

"మీది మరీ వినయమండీ! కార్డులో గేజి మేస్త్రీ అని ఉంది. కింద నా స్టాంపు కూడా ఉంది."