పెద్ద తొట్టెలో కొర్రమీను పిల్లలు

భట్టిప్రోలులో గంగాధర్‌ను గంగాధర్ అని పిలిచేవాళ్లు తక్కువ. టీకొట్టు దగ్గరా, ఆటోల దగ్గరా ఆయన "చేపల సంధ్యారాణి గారి ఆయన". ఇంటి వెనుక సిమెంటు తొట్టెల్లో కొర్రమీను పిల్లల్ని పెంచేది భార్యే మరి.

ఒకనాడు ఆవిడ చెల్లెల్ని చూడటానికి తెనాలి వెళ్తూ, పిల్లల్ని పెద్ద తొట్టెలోకి మార్చే పని తాను వచ్చాక చేసుకుందామని చెప్పింది. గంగాధర్ సరేనన్నాడు. బస్సు కదలగానే లుంగీ ఎగగట్టాడు. పేరు మార్చుకోవడానికి ఇంతకు మించిన అవకాశం రాదు.

సంధ్యారాణి అయితే పెద్దవి చిన్నవాటిని తినకుండా ముందు వేరు చేసేది. కొత్త నీళ్లు కొద్దికొద్దిగా అలవాటు చేసి వదిలి, పైన వల కట్టేది. గంగాధర్‌కు ఇదంతా చాదస్తం అనిపించింది. బోరు మోటారు వేసి తొట్టెను అంచుదాకా నింపి, పిల్లల్ని బకెట్లతో గుమ్మరించాడు. వల సంగతి వదిలేసి, తన ఘనత చెప్పుకోవడానికి టీకొట్టుకు వెళ్లాడు.

ఇంతలో జల్లు పడింది. వాన పడితే కొర్రమీనుకు ఇంట్లో కాలు నిలవదు. ఆయన తిరిగొచ్చేసరికి పెరడంతా పాకుతున్న పిల్లలే. పక్కింటి రత్తాలత్త అంట్ల బేసిను పట్టుకుని గోడ దగ్గర నిలబడి ఉంది.

"మీ చుట్టాలు మా ఇంటికొచ్చారు అల్లుడూ," అంది.

వీధి వీధంతా గోడెక్కి చూస్తుండగా, గంగాధర్ బురదలో మోకాళ్ల మీద పాకి దొరికినవాటిని ఏరాడు. తక్కినవాటిని కాకులు అంతకుముందే ఏరుకున్నాయి. వెలితి కనబడకుండా రేపల్లె వెళ్లి, దొరికిన శీలావతి చేప పిల్లల్ని తెచ్చి కలిపాడు. కొర్రమీను తోటి చేపల్ని తింటుందన్న సంగతి, మర్నాడు వాటి ఉబ్బిన పొట్టలు చూశాక గుర్తొచ్చింది. శీలావతి ఒక్కటీ మిగల్లేదు.

సంధ్యారాణి వచ్చి తొట్టెలోకి తొంగి చూసింది. గంగాధర్ అబద్ధం ఒకటి సిద్ధం చేసుకున్నాడు గానీ దాన్ని వాడుకోలేదు. ఆవిడ రోజూ తెల్లారుజామునే లేచి మేత వేసిన పిల్లలవి. తల దించుకుని జరిగింది జరిగినట్టు చెప్పేశాడు.

ఆవిడ తిట్టలేదు. ఏపుగా ఎదిగిన పిల్లల్ని తాను వెళ్లకముందే, ఆయన భోజనం చేసి కునుకు తీస్తుండగా, డబ్బాల్లో పోసి వేరే చోటికి పంపేశానంది. ఇక్కడ ఉంచినవి ఎదగని నాసి పిల్లలట.

గంగాధర్‌కు ప్రాణం లేచొచ్చింది. మరుక్షణమే అంతకు రెట్టింపు సిగ్గేసింది.

"అంటే, నేను చెయ్యి పెడతానని నీకు ముందే తెలుసా?"

"మీతో ఇన్నేళ్లు కాపురం చేశాను కదండీ."

ఆయన ఆ మంచివి ఎక్కడున్నాయని మెల్లగా అడిగాడు.

"చెప్పనండి," అంది సంధ్యారాణి. "చెప్తే చూసొస్తానని వెళ్తారు."