లేని పాములు

శనివారం ఉదయం హెప్సిబా పెట్టుకున్న పని ఒక్కటే. రేపల్లె బజారులో కొన్న కొత్త గిన్నెలో మొగుడికి చేపల పులుసు వండాలి. పెళ్ళయి రెండు నెలలే కాబట్టి గిన్నెను చూసినా ఆమెకు నవ్వొస్తోంది. మొగుడు బెన్నీ మాత్రం లాయరు కోసం బాపట్ల వెళ్ళాడు. రొయ్యల చెరువు అప్పుకు తాకట్టు పెట్టిన ఈ ఇంటినీ, వెనక దొడ్డినీ బ్యాంకు సోమవారం వేలం వేస్తోంది. హైకోర్టు ఆపుతుందో లేదో ఇంకా తేలలేదు.

పులుసు ఉడుకుతుండగా కొలకలూరు నుంచి సంజీవరావు అనే ఆసామి వచ్చాడు. వేలం పాడేముందు ఓసారి ఇల్లు చూసుకుంటానన్నాడు. అత్తగారు కృపమ్మ మర్యాదగా కుర్చీ వేసి, వానాకాలం దొడ్డిలో నీళ్ళు నిలుస్తాయని చెప్పింది. మెరక పోయించుకుంటానన్నాడాయన.

"పాములు కూడా వస్తాయండి" అంది హెప్సిబా.

సంజీవరావు కాళ్ళు కుర్చీమీదికి తీసుకున్నాడు. టీ కూడా తాగకుండా వెళ్ళిపోయాడు. అత్తాకోడళ్ళు పులుసు అడుగంటేదాకా నవ్వుకున్నారు.

తెనాలి రైల్లో ఆయన ఎవరెవరికి చెప్పాడో గాని, ఆదివారం చర్చికి వెళ్ళేసరికి పాములు నాగుపాములయ్యాయి. పాస్టరుగారు ఆ కుటుంబం కోసం పేరుపెట్టి ప్రార్థించారు. అంతమంది కళ్ళు మూసుకుని ఉండగా కాదనడం ఎలాగో అత్తకు తెలియలేదు, కోడలికి అసలే తెలియలేదు. సాయంత్రం స్త్రీల సమాజం వచ్చి దొడ్డి చుట్టూ పాటలు పాడుతూ తిరిగింది.

సోమవారం వేలానికి కాస్త ముందు కోర్టు ఉత్తర్వు వచ్చి వేలం ఆగింది. అయితే క్రిస్మస్ లోపల దొడ్డిని తామే అమ్ముకుని అప్పు తీర్చాలి. లేకపోతే ఇల్లు కూడా పోతుంది. బాపట్ల నుంచి అప్పుడే దిగిన బెన్నీ సంబరంగా పకోడీలు తెచ్చాడు. పొట్లం ఖాళీ అయ్యాక, ఇక దొడ్డి కొనేవాళ్ళను వెతకాలన్నాడు. అప్పుడు చెప్పింది హెప్సిబా, పాముల సంగతి.

వారాలు గడిచినా ఎవరూ రాలేదు. చివరికి మొగుడూ పెళ్ళాం ఇద్దరూ కొలకలూరు వెళ్ళారు.

"పాముల్లేవు బాబాయిగారూ. నేనే కల్పించి చెప్పానండి."

"అమ్మేవాళ్ళు అలాగే అంటారమ్మా" అన్నాడు సంజీవరావు.

ఇక చర్చిలోనే నిజం చెప్పెయ్యమన్నాడు బెన్నీ. మరుసటి ఆదివారం సాక్ష్యాలు చెప్పే వేళకు హెప్సిబా లేచింది.

"మా దొడ్డిలో పాముల్లేవండి. ఒక్కటి కూడా లేదు."

ఎప్పుడూ లేవని చెప్పబోయేంతలో సంఘమంతా హల్లెలూయ అంది. పాస్టరుగారు స్తుతిగీతం ఎత్తుకున్నారు. మిగతా నిజం పట్టుకుని హెప్సిబా పాట అయ్యేదాకా నిలబడే ఉంది. తర్వాత కానుకలు పట్టారు.

ప్రార్థన ఫలించిన నేల అని సంఘపెద్ద బర్నబాస్ ఊళ్ళో నడిచే రేటుకంటే ఎక్కువే ఇస్తానన్నాడు. హెప్సిబా ఆయనకూ విడిగా అంతా చెప్పింది.

"నీ వినయం నాకు నచ్చిందమ్మాయ్" అన్నాడాయన.

అప్పు తీరింది. తెనాలి బ్యాంకు నుంచి ఇంటి కాగితాలు తిరిగొచ్చాయి. ఆ సాయంత్రం దొడ్డి తలుపు వేసి రమ్మంటే, ఎందుకైనా మంచిదని కృపమ్మ టార్చిలైటు అడిగింది.