రాస్ప్‌బెర్రీలకు ఒక అవ్వ కావలెను

ప్రపంచంలో రాస్ప్‌బెర్రీ ధరను నిర్ణయించే మహాశక్తులు మూడే మూడు: పోలండులో మంచు, చిలీలో వాన, మా ఊరి కోల్డ్ స్టోరేజి యజమాని రాతోమిర్ గారి జీర్ణశక్తి! మొదటి రెండింటి సంగతి వార్తల్లో చెబుతారు. మూడోది ఆయన మొహం చూసి మేమే తెలుసుకోవాలి.

మాది సెర్బియాలో అరిల్యే పట్నానికి ఎగువన, కొండల్లో ఊరు. నా పేరు విదోయె. బళ్లో ఇంగ్లీషు చెబుతాను. బడి లేని వేళల్లో, ఊళ్లో అందరిలాగే, రాస్ప్‌బెర్రీలు పండిస్తాను. మా దగ్గర చర్చి ఫాదరుకీ తోట ఉంది, పోస్టుమాస్టరుకీ తోట ఉంది. రాస్ప్‌బెర్రీని మా భాషలో మాలినా అంటారు. పెంచేది మేము, ముళ్లు గుచ్చుకునేది మాకు, తినేది హాలండు వాళ్లు. తనకు మాలిన ధర్మం అంటే ఇదే కాబోలు!

ఏటా కోతలు మొదలయ్యే ముందు రాతోమిర్ గారు కోల్డ్ స్టోరేజి వాకిట్లో ఒక చెక్కబల్ల మీదికెక్కి 'ప్రపంచ మార్కెట్ ధోరణులు' అనే విషయం మీద ప్రసంగిస్తారు. ఒక ఏడు అన్నారు: "మిత్రులారా! పోలండులో పంట విరగకాసింది. సరుకు ఎక్కువైపోయింది. కాబట్టి మన ధర తగ్గింది." మరుసటి ఏడు: "మిత్రులారా! పోలండులో మంచుకు పంట మాడిపోయింది. సరుకు దొరక్క జనం రాస్ప్‌బెర్రీ మానేసి బ్లాక్‌బెర్రీ తింటున్నారు. కాబట్టి మన ధర తగ్గింది."

"అయితే బ్లాక్‌బెర్రీ ధర పెరిగిందాండీ?" అని అడిగాడు పోస్టుమాస్టరు.

"అదీ తగ్గింది! రాస్ప్‌బెర్రీ ఒక్కటే తగ్గితే ఏం బావుంటుంది?"

ఇలా ప్రపంచం మొత్తం మా మీద కక్షగట్టి నడుస్తుండగా, కిందటి చలికాలంలో రోటర్‌డామ్ నుంచి ఒక ఉత్తరం వచ్చింది. అక్కడి దుకాణాల గొలుసు ఒకటి మా సరుకంతా కొంటుందట. కానీ ఒక షరతు. వాళ్ల దేశంలో జనం ఇప్పుడు పళ్లు కొనడం లేదట, పళ్ల వెనక ఉన్న 'కథ' కొంటున్నారట. ప్యాకెట్ మీద ఒక నిజమైన మనిషి మొహం కావాలి, వీలైతే ముసలావిడ. కొత్త ధోరణి అదే!

రాతోమిర్ గారు నన్ను పిలిపించారు.

"మాస్టారూ, కథ రాయాలి."

"ఎలాంటిదండీ?"

"ఈ సంస్థను మా అమ్మ ఒక్క బుట్టతో మొదలుపెట్టిందని రాయండి. ఇప్పటికీ ఆమె దీవించనిదే ఒక్క పండు గడప దాటదని రాయండి. రైతులకి ఎంతివ్వాలో ఏటా ఆమే స్వయంగా నిర్ణయిస్తుందని రాయండి."

"నిజంగానా?"

"మాస్టారూ, మీరు రాసేది కథ!"

రాశాను. పాత ఫ్రిజ్ ఒకటి ఇస్తానన్నారు మరి. నిజం చెప్పాలంటే సంస్థ మొదలైంది ఆయన మామగారి డబ్బుతో. ఆయన తల్లి నదేజ్దా గారు బెల్‌గ్రేడులో ఎనిమిదో అంతస్తులో ఉంటారు. నల్లగా నిగనిగలాడే రంగు జుట్టు, ఎర్రటి గోళ్లు, వారానికి రెండుసార్లు పేకాట. ఫొటో కోసం తలకి రుమాలు కట్టుకోమని కొడుకు ఫోన్లో బతిమాలితే, "నేనేమన్నా పని మనిషినా?" అని పెట్టేశారట.

అప్పుడు ఆయన చూపు స్తామెంకవ్వ మీద పడింది. కొండ మీద ముప్ఫై వరసల తోట ఆవిడది. భర్త నాటిన మొక్కలు. ఆయన పోయాక ఒంటిచేత్తో చేస్తోంది. ఎండకి కాలిన మొహం, ఒంగిన నడుము, పువ్వుల రుమాలు. ఊరంతా అవ్వా అనే పిలుస్తాం.

"నీ ఫొటో ప్రపంచమంతా చూస్తుంది అవ్వా!" అన్నారు రాతోమిర్ గారు.

"నాకేమిస్తావు?"

"ఊరికి గౌరవం!"

"దాన్ని కాటా మీద పెట్టి తూస్తావా, గంపగుత్తగా ఇస్తావా?"

చివరికి, కోతల్లో ఆవిడ సరుకు వరసలో నిలబడకుండా తూస్తామన్న ఒప్పందం మీద ఒప్పుకుంది. ఫొటోగ్రాఫరు అటు చూశాడు, ఇటు చూశాడు, ఆవిడ కట్టుడు పళ్లు తీసేస్తే ఇంకా సహజంగా ఉంటుందన్నాడు.

అవ్వ నా వైపు తిరిగింది. "చూశావా విదోయె, వీడు పళ్లు అమ్ముకోవడానికి నా పళ్లు ఊడబీకాలట!"

బొమ్మ అద్భుతంగా వచ్చింది. కింద 'మా అమ్మ చేతి మాలినా' అని అచ్చు. ఎంత అద్భుతమంటే, రాతోమిర్ గారు ఉండబట్టలేక దాన్ని కంపెనీ తాలూకు ఇంటర్నెట్ పేజీలో కూడా పెట్టేశారు. తొమ్మిది వందల మంది దండాలు పెట్టారు.

జూలై వచ్చింది. కోతలు వచ్చాయి. రోటర్‌డామ్ నుంచి కొనుగోలు అధికారిణి మారైకె గారు కూడా, ఆ 'అమ్మ'ను కళ్లారా చూసి ఒప్పందం మీద సంతకం పెడతానంటూ వచ్చేస్తున్నారు!

ఆ పొద్దున్నే రాతోమిర్ గారు చెక్కబల్ల ఎక్కి ధర ప్రకటించారు. కిందటేడు కిలో నాలుగు వందల దినార్లు. ఈ ఏడు రెండు వందల ఇరవై!

మందు, ఎరువు, కూలి కలిపితేనే మాకు కిలోకి మూడు వందలు దాటుతుంది. కోల్డ్ స్టోరేజి ముందు అరవై ట్రాక్టర్లు. వాటి మీది డబ్బాల్లో పళ్లు ఎండకి మెత్తబడి రసం కారుతున్నాయి. రోడ్డుకి అడ్డంగా ట్రాక్టర్లు పెట్టేద్దామన్నాడు పోస్టుమాస్టరు. పెట్టేద్దామన్నారు ఫాదరు గారు కూడా. స్తామెంకవ్వ మాత్రం అరవలేదు. తన డబ్బాల మీద తడి గుడ్డ సర్దుతూ, "ఇదే ధరయితే ఈ శీతాకాలం తోట పీకేస్తాను. బంగాళాదుంపలు వేసుకుంటా" అంది. అవి ఆవిడ భర్త నాటిన మొక్కలు. ఇది నేను నవ్వులాటకి చెప్పడం లేదు.

రాతోమిర్ గారు చేతులు జోడించారు. "ఒక్క రెండు గంటలు ఓపిక పట్టండి! ఆ రోటర్‌డామ్ ఆవిడ సంతకం పెట్టి వెళ్లిపోతుంది. నవ్వుతూ నిలబడండి చాలు. తర్వాత మాట్లాడుకుందాం!"

అవ్వని కోల్డ్ స్టోరేజి పక్కనే ఉన్న ఆయన ఇంటి ముంగిట్లో ప్లమ్ చెట్టు కింద కూర్చోబెట్టారు. గేటుకి అటూ ఇటూ ఉన్న పాలరాతి సింహాలని ఎండుగడ్డి కప్పి దాచారు. జర్మనీ కారుని గడ్డివాము చాటుకి తోశారు. ఎక్కడినుంచో ఒక మేకని తెచ్చి కట్టేశారు. ఆ మేక రాతోమిర్ గారిని చూస్తే చాలు, భయపడి అరిచేది.

మారైకె గారు వచ్చారు. పొడుగాటి మనిషి, చెప్పులు లేకుండా గడ్డిలో నడిచారు. మాటలు అటూ ఇటూ తర్జుమా చేయడానికి నేను పక్కనే నిలబడ్డాను. అవ్వ మూడుసార్లు బుగ్గలు ముద్దు పెట్టుకుని, గిన్నెలో తేనెపాకం పట్టిన పళ్లు చెంచాతో అందించి మంచినీళ్లు ఇచ్చింది. మారైకె గారి కళ్లు చెమర్చాయి. రాతోమిర్ గారు వంగి అవ్వ చెయ్యి ముద్దు పెట్టుకుని "అమ్మా!" అన్నారు. గేటు బయట అరవై మంది రైతులు ఒక్కసారిగా దగ్గారు.

"మీరు పంపిన కథలో నాకు అన్నిటికంటే నచ్చింది ఒక్కటే," అన్నారు మారైకె గారు. "రైతుల ధర అమ్మే నిర్ణయిస్తారు అన్న మాట. న్యాయమైన ధర ఇస్తున్నామని ప్యాకెట్ మీద వేశాం. అమ్మను అడగండి, ఈ ఏడు ఎంత?"

రాతోమిర్ గారు నా కాలు తొక్కారు. "వాతావరణం ఎలా ఉందని అడిగిందని చెప్పండి మాస్టారూ!"

అలాగే చెప్పేవాణ్ణి. ఇంతకు ముందు అంతకంటే పెద్దవే చెప్పాను. నాలో సత్యం ఉప్పొంగిందని మీరు పొరబడకండి. గేటు బయట నా ట్రాక్టరులో నలభై డబ్బాలున్నాయి. వాటి రసం కారుతూ రోడ్డు దాకా రావడం కనిపిస్తోంది.

"అవ్వా," అన్నాను, "ఈ ఏడు రైతులకి కిలోకి ఎంతిస్తున్నావని అడుగుతోంది."

అవ్వ నన్ను చూసింది. రాతోమిర్ గారిని చూసింది. తీరిగ్గా రుమాలు సర్దుకుంది.

"నాలుగు వందల ఇరవై."

ఇంగ్లీషులోకి మార్చడానికి నాకు అరసెకను పట్టలేదు! మారైకె గారు రాసుకున్నారు. "అమ్మా!" అన్నారు రాతోమిర్ గారు. "ప్రపంచ మార్కెట్ పరిస్థితి చూడమ్మా! పోలండులో..."

"పోలండు సంగతి నాకు చెప్పకురా నాయనా. నిన్ను కన్నదాన్ని!"

సరిగ్గా అప్పుడే గేటు ముందు బెల్‌గ్రేడు టాక్సీ ఆగింది. దిగినవారు నదేజ్దా గారు! తెల్ల ప్యాంటు, నల్లకళ్లద్దాలు. ఇంటర్నెట్ పేజీలో 'మా అమ్మ' అంటూ ఎవరో ముసలమ్మ బొమ్మకి జనం దండాలు పెడుతుంటే చూసి, కొడుకుని కడిగేయడానికి తిన్నగా వచ్చేశారు.

రాతోమిర్ గారి మొహం గడ్డకట్టిన సరుకులా అయింది. అయినా ఆయన వ్యాపారస్తుడు. ఎదురెళ్లి తల్లిని జబ్బ పట్టుకుని తీసుకొచ్చి, "వీరు మా ప్రపంచ మార్కెట్ విశ్లేషకురాలు" అన్నారు. నేను ఇంగ్లీషులో చెప్పాను.

"ఓ! ఈ ఏడు ధోరణి ఎలా ఉంది?" అన్నారు మారైకె గారు.

అడిగిందేమిటో నేను నదేజ్దా గారికి చెప్పాను. కొడుకు గొప్ప చెప్పుకునే అవకాశం దొరికితే ఏ తల్లి వదులుకుంటుంది? కోపమంతా మరిచిపోయారు. "ధోరణికేం, భేషుగ్గా ఉంది! పోలండులో ఒక్క పండు మిగల్లేదట. గోదాములన్నీ ఖాళీయట. ఈ ఏడు ఎంత చెబితే అంతకి కొంటారని మావాడు రోజూ ఫోన్లో చెబుతూనే ఉన్నాడు! సముద్రం ఒడ్డున ఇల్లు కూడా చూస్తున్నాడు!"

గేటు బయట దగ్గులు ఆగిపోయాయి. "వినబడిందా?" అన్నాడు పోస్టుమాస్టరు. "వినబడింది" అన్నారు ఫాదరు గారు, అంగీ చేతులు పైకి మడుస్తూ.

"అందుకే కాబోలు, అమ్మ నాలుగు వందల ఇరవై ప్రకటించారు" అని మారైకె గారు అవ్వకేసి చూపించారు. నేను అదీ చెప్పాను.

"ఏ అమ్మ?" నదేజ్దా గారు కళ్లద్దాలు తీశారు. "ఈవిడా? వీణ్ణి కన్నది నేను! పద్దెనిమిది గంటలు నొప్పులు పడ్డాను! నా కొడుకు ఇంట్లో ధర చెప్పడానికి ఈవిడెవరు? నాలుగు వందల ఇరవైట! ముష్టి! మేమేమన్నా లేనివాళ్లమా? రాసుకోండి... ఐదు వందలు!"

రైతులు ఒక్క కేక పెట్టారు. మేక తాడు తెంపుకుని పారిపోయింది.

నా జన్మలో మొదటిసారి నాకు ఇంగ్లీషు రాలేదు. కానీ 'అమ్మ' అన్న మాటకి అనువాదం కావాలా? మారైకె గారు ఒక్కొక్కరినే చూశారు. అవ్వని, నదేజ్దా గారిని, చెట్టు మొదట్లో కూలబడ్డ రాతోమిర్ గారిని. నన్ను పక్కకి పిలిచారు.

"మాస్టారూ, ఆవిడ అన్నది నాకు అర్థం కాలేదు."

"చెప్పమంటారా?"

"వద్దు! అర్థం కాకపోవడమే మంచిది. నాలుగు లక్షల ప్యాకెట్లు అచ్చయిపోయాయి." మళ్లీ నదేజ్దా గారికేసి చూశారు. నదేజ్దా గారి నల్లజుట్టు ఎండలో తళతళలాడుతోంది. మారైకె గారి మొహం ఒక్కసారిగా వెలిగింది. "ఇద్దరు అమ్మలు! ఒకరు రాస్ప్‌బెర్రీకి, ఒకరు బ్లాక్‌బెర్రీకి! వచ్చే ఏడు బ్లాక్‌బెర్రీ బాగా పైకొస్తుందని మా నివేదికలు చెబుతున్నాయి."

"మా ఊళ్లో బ్లాక్‌బెర్రీ తోటల్లేవండీ."

"కంచె మీద అల్లుకున్నవి కావూ అవి? చాలు. కథకి అంతకంటే ఎక్కువ తోట అక్కర్లేదు."

మారైకె గారు ధర మాత్రం నా చేత చెప్పించుకుని, ఐదు వందలు అని పలక మీద సుద్దతో రాయించి, దాని పక్కన రాతోమిర్ గారిని నిలబెట్టి ఫొటో తీశారు. ఆ ఫొటో ఒప్పందానికి జత చేశారు. ఇక దాన్ని చెరపడం ప్రపంచ మార్కెట్ తరం కాదు. నదేజ్దా గారికి సంగతి చెబితే, రుమాలు పట్టుదైతే కట్టుకుంటానన్నారు.

చీకటి పడేలోగా అరవై ట్రాక్టర్లూ తూకానికి వెళ్లాయి. నన్ను మాత్రం రాతోమిర్ గారు ఆపారు, కొత్త కథ రాయాలి. "మా నాన్నకి ఇద్దరు భార్యలని మాత్రం రాయకండి మాస్టారూ" అన్నారు నీరసంగా. అక్కచెల్లెళ్లని రాద్దామన్నాను. మారైకె గారు కలం తీసి, ఎవరు అక్క, ఎవరు చెల్లెలు అని అడిగారు.

"ఇంకెవరు, నేనే చెల్లెల్ని!" అన్నారు నదేజ్దా గారు.

నేను తెల్లబోయి అవ్వ మొహం చూశాను. బడి పాత రిజిస్టర్లు నా దగ్గరే ఉంటాయి. ఇద్దరూ ఇక్కడే చదివారు. నదేజ్దా గారికి డెబ్బై ఒకటి. స్తామెంకవ్వకి అరవై నాలుగు.

అవ్వ ఖాళీ డబ్బాలు ఒకదాంట్లో ఒకటి పెట్టుకుంటూ నవ్వింది.

"రాసెయ్ విదోయె, ఆవిడే చెల్లెలు. కిలోకి ఎనభై పెంచిన మనిషికి నేను ఏడేళ్లు తగ్గించలేనా?"